గబ్బిలానికి ఎవరి పేరు

ఆ భవనంలో గబ్బిలాలమ్మ అంటే మూడో అంతస్తు కోడలే. జంతుశాస్త్ర సంస్థలో ఆమె ఉద్యోగం గబ్బిలాల మీద. ఇంత చదువూ చదివింది ఇందుకా అని అత్తగారు మూతి విరవని రోజు లేదు.

ఆ అత్తగారే ఒక సాయంత్రం సంస్థకు ఫోన్ చేసింది. "మీవాడొకడు వంటింట్లో దూరాడు. జల్లెడ కింద పెట్టాను. వచ్చి తీసుకుపో."

కోడలు వచ్చి జల్లెడ ఎత్తింది. బొటనవేలంత గబ్బిలం, దోమలూ పురుగులూ తిని బతికే రకం. పళ్ళు చూసింది, చెవి కొలిచింది. ఎక్కడో తేడా కొట్టింది. మెట్ల కింద గోడ పగుల్లో మరికొన్ని దొరికాయి. ఏడాది తిరిగేసరికి తేలిపోయింది. శాస్త్రానికి ఇంతవరకు తెలియని కొత్త జాతి అది.

కబురు చెవిన పడగానే డైరెక్టరుగారు ఆమెను పిలిచి కూర్చోమన్నారు. ఆయన గదిలో ఆమెకు కుర్చీ దొరకడం అదే మొదలు.

"పేరు పెట్టే హక్కు నీదేనమ్మా, నేనేం బలవంతపెట్టను. నీ ప్రమోషన్ సంగతి కూడా నేనే చూడాలి కదా, అందుకని అంటున్నా."

ఆమెకు ఒళ్ళు మండింది. అయినా నోరు మూసుకుని ఆయన పేరే తగిలించింది. తోటమాలిని కూడా వదలకుండా ఆయన అందరికీ చెప్పుకున్నారు కానీ, ఆ జాతి మీద ఆమె రాసిన వ్యాసం చదివే తీరిక మాత్రం చిక్కలేదు. నిండు సమావేశంలో ఆమె చేతే చదివించారు.

ఆమె గొంతు సవరించుకుంది. "దగ్గరి జాతుల నుంచి దీన్ని వేరుచేసే గుర్తు, మగదాని అంగంలో ఉండే ఎముక. మన డైరెక్టరుగారి గబ్బిలానికి అది అన్నిటికంటే పొట్టి. కొస కాస్త వంకర."

వెనక వరుసలో ఎవరికో పొలమారింది. మరొకరు కింద పడని పెన్ను కోసం బల్ల కింద దూరారు.

సమావేశం ముగిశాక డైరెక్టరుగారు తలుపు వేసుకుని అడిగారు. "ఆ ముక్క తీసేస్తే ఏం పోతుంది?"

"కొత్త జాతన్న మాటే పోతుంది సార్. గట్టి గుర్తు అదొక్కటే."

"పోనీ కాస్త పొడుగని రాయి."

"కొలిచాం కద సార్."

ఆయన వ్యాసాన్ని ఆమె వైపు నెట్టేశారు. "ఈ కీర్తి నాకెందుకులే. పట్టుకున్నవాళ్ళ పేరే పెట్టు."

ప్రమోషన్ ఆ వారంలోనే వచ్చింది, ఈ సంగతి ఎక్కడా ఎత్తకూడదన్న షరతు మీద. ఆమె ఎత్తాల్సిన అవసరం రాలేదు. వెనక వరుసవాళ్ళు ఆ పని ఎప్పుడో పూర్తిచేశారు.

జల్లెడ కింద పట్టింది అత్తగారే కాబట్టి గబ్బిలానికి ఇప్పుడు ఆవిడ పేరే. ఇంట్లో వ్యాసం మొత్తం చదివించుకుంది. చిన్న తల, ముడతల మూతి, ఎముక, అన్నీ నిమ్మళంగా వింది.

"వాడి ఎముకతో నాకేం పని? ఇంకా ఏముంది?"

"దాని అరుపు మనుషుల చెవికి ఆనదు అత్తయ్యా."

అత్తగారు "అదొక్కటే నాతో కలవలేదు" అని ఒప్పుకుని, కూర్చున్న చోటు నుంచి కదలకుండానే, గోడ అవతలి పక్కింటావిడకు కబురంతా చెప్పేసింది.