పద్నాలుగో టికెట్

అక్టోబరు చివరి ఆదివారం సాయంత్రం ఆరింటికి మా ఊరి చర్చిలో నేను పొలిక్రోనిస్ కూతురికి జ్ఞానస్నానం చేయించి జ్ఞానతల్లిని కావాలి. అదే రోజు పొద్దున ఏడింటికి పద్నాలుగు మందిని వెంటేసుకుని ద్రాకోలాకి అనే లోయలోకి దిగాను. బుద్ధుందా అని మీరు అడగనక్కర్లేదు, మా ఊళ్లో అందరూ అడిగేశారు.

తెల్లవారుజామున గైడుల ఆఫీసు నుంచి ఫోను వచ్చింది. లెఫ్తేరిస్‌కి నడుం పట్టేసిందట, ఇంకో గైడు దొరకడం లేదట. "మూడున్నర పడవకి బయటపడతావు ఆర్గిరో, అయిదింటికల్లా ఇంట్లో ఉంటావు" అన్నారు. లోయ అవతలి చివర సముద్రం, అక్కణ్ణుంచి పడవ తప్ప దారి లేదు. సరేనన్నాను. ఇంట్లో కూర్చుంటే పిచ్చెక్కేలా ఉందన్నదే అసలు సంగతి. గది అవతల మా తమ్ముడు మనూసోస్ రాత్రంతా అటూ ఇటూ నడుస్తూనే ఉన్నాడు. ఆ అడుగులు వినలేకపోయాను.

ఎనిమిదేళ్ల కిందట మేత గొడవలో మనూసోస్ తుపాకీ పేల్చాడు. తూటా పొలిక్రోనిస్ మోకాలికి తగిలింది. అతని కాలు పోయినంత పనైంది, మావాడు జైలుకి పోయాడు. పోయిన నెల విడుదలై వచ్చి గడప దాటలేదు. పొలిక్రోనిస్‌కి ఇద్దరన్నలు, ఇద్దరూ మాట కంటే ముందు చెయ్యి లేచే రకం. మా చర్చి ఫాదర్ ఆరు నెలలు రెండిళ్ల మధ్యా చెప్పులరిగేలా తిరిగి ఒక మాట కుదిర్చాడు. వాళ్ల ఇంట పుట్టిన పాపకి నేను జ్ఞానతల్లినవుతాను. దాంతో రెండిళ్లూ చుట్టాలవుతాయి, చుట్టాల మీద మా ప్రాంతంలో ఎవరూ తుపాకీ ఎత్తరు. పాప నెత్తిన నూనె పడేదాకా మాత్రం మనూసోస్ వాళ్ల కంటపడకూడదు. తర్వాత నేనే చెయ్యి పట్టుకుని విందుకి తీసుకెళ్లాలి. నేను రాకపోతే వాళ్లని నడి చర్చిలో అవమానించినట్టే.

నా గుంపు లారిసా నుంచి వచ్చిన పోస్టాఫీసు రిటైరు ఉద్యోగులు. ఉత్తరాలు పంచినవాళ్లు, నడక అలవాటే ఉంటుందని ఆశపడ్డాను. సగం మంది జీవితమంతా కౌంటరు వెనక కూర్చున్నవాళ్లని మొదటి గంటలోనే తేలింది.

అందరిలోకీ థియోఫానిస్ గారు ఒక ఎత్తు. డెబ్బై మూడేళ్లు, భార్య పోయింది, గుంపులో దగ్గరివాళ్లెవరూ లేరు. ప్రతి ఊట దగ్గరా ఆగి నీళ్లు తాగాలి, తాగాక ఆ నీళ్లు కిందటి ఊట కంటే బాగున్నాయో లేదో చెప్పాలి.

"కాస్త కదలండి థియోఫానిస్ గారూ."

"కదులుతూనే ఉన్నానమ్మా. రాయి కూడా కదులుతుంది, టైం పడుతుంది, అంతే."

"మీకంటే ముందే వచ్చేలా ఉంది ఆ రాయి."

ఆయన నవ్వాడు. నాకు నవ్వు రాలేదు. ప్రతి పది నిమిషాలకీ గడియారం చూసుకుంటున్నాను. లోయలోని పాడుబడ్డ పాత ఊరి దగ్గర అన్నాలకి ఆగినప్పుడు అందరూ జున్నూ రొట్టే విప్పుకుని హాయిగా కూర్చుంటే, నేను నిలబడే రెండు ఆలివ్ కాయలు నోట్లో వేసుకుని "ఇక లేవండి, ఇక లేవండి" అని గొణిగాను. క్లియో అనే ఆవిడ ఓరగా చూసి, "ఎవరో తరుముతున్నట్టుందే నిన్ను" అంది. తరుముతున్నారనే చెప్పాను.

మేం ఇరుకు అనే చోటు దాటేసరికి రెండయింది. అక్కడ రెండు వైపులా కొండ గోడలు దగ్గరికొచ్చి ఆకాశం పీలికంతే కనిపిస్తుంది. చివరి గేటు అక్కడికి మూడు కిలోమీటర్లు. వెనక్కి చూస్తే ముసలాయన లేడు. వెనక్కి పరిగెత్తాను. రాతి మీద కూర్చుని బూట్లు విప్పి కాళ్లు ఏట్లో పెట్టాడు. ఆ ఏట్లో కాళ్లు పెట్టకూడదని పొద్దున్నే చెప్పాను.

ఒళ్లు మండిపోయింది. "మీరొక్కరే వచ్చారా ఈ లోయకి? పదమూడు మంది మీ కోసం కాళ్లు పీకుతుంటే నిలబడాలా?"

ఆయన ముఖం చిన్నబోయింది. "మీరు వెళ్లండమ్మా. దారి ఒక్కటేగా. మెల్లగా వచ్చేస్తాను."

గైడు అందరికంటే చివర రావాలి. ఇరవై రెండేళ్లుగా ఆ మాట తప్పలేదు. ఆ రోజు మాత్రం, "అయిదున్నరకి ఇంకో పడవుంది, దానికి రండి" అని చెప్పి వచ్చేశాను.

మా లోయకి ఒక పద్ధతుంది. లోపలికి వెళ్లేటప్పుడు ఇచ్చిన టికెట్టు బయటికొచ్చేటప్పుడు గేటు దగ్గర తీసేసుకుంటారు. పొద్దున ఎన్ని ఇచ్చారో సాయంత్రం అన్నీ తిరిగొస్తే లోపల ఎవరూ లేనట్టు లెక్క. ఒకటి తగ్గిందా, కావలివాళ్లు వెతకడానికి లోపలికి నడుస్తారు. ఎవరూ పారేసుకోకుండా గుంపు టికెట్లన్నీ గైడులమే జేబులో పెట్టుకుంటాం.

గేటు దగ్గర అనాగ్నోస్తిస్ కూర్చుని ఉన్నాడు. చిన్నప్పుడు ఒకే బడి మాది.

"పద్నాలుగు మందీ వచ్చారా?"

పదమూడు ఇస్తే నన్ను కదలనివ్వడు, చివరివాడు వచ్చేదాకా కూర్చోబెడతాడు. జేబులోంచి మొత్తం కట్ట తీసి బల్ల మీద పెట్టాను. "పద్నాలుగు మందీ వచ్చారు."

అతను లెక్కపెట్టలేదు. నా చేతి కట్ట ఎప్పుడూ లెక్కపెట్టడు.

మూడుంబావుకి రేవులో ఉన్నాను. గుంపంతా పడవ ఎక్కుతోంది, ఎవరి సంచుల గోల వాళ్లది, ముసలాయన లేడని ఎవరికీ పట్టలేదు. లోయ నోట్లోంచి ఉన్నట్టుండి గాలి లేచింది. హోటలు బల్లల మీది గుడ్డలు ఎగిరిపోయాయి. మాకు ఆ గాలంటే భయం. అది లేస్తే పైన గోడల మీద వదులుగా ఉన్న రాళ్లు రాలతాయి.

అనాగ్నోస్తిస్ తాళాలు ఊపుకుంటూ వచ్చి హోటల్లో కూర్చున్నాడు. "ఓ గ్లాసు రాకీ సారా పొయ్యి," అన్నాడు హోటలతనితో. "రాళ్లు మొదలయ్యాయి. టికెట్లన్నీ సరిపోయాయి, లోపల పురుగు కూడా లేదు. గేటు మూసి కావలి కుర్రాళ్లని ఇళ్లకి పంపేశాను."

ఆ ముసలాయన ఆ రాళ్లు రాలే చోట ఉన్నాడని భూమ్మీద తెలిసింది నాకొక్కదానికే.

అయినా పడవ చెక్క మీద కాలు పెట్టాను. అబద్ధమెందుకు, పెట్టాను. గేటు పక్క పిట్టగోడ ఎక్కి దిగుతాడులే అనుకున్నాను, గాలి తగ్గుతుందిలే అనుకున్నాను, ఇంట్లో తమ్ముడు నలభై ఆరేళ్లకే ముసలివాడైపోతున్నాడనుకున్నాను. పడవతను "ఎక్కుతావా, దిగుతావా ఆర్గిరో?" అని అడిగాడు. దిగాను.

ఫోను తీసి మనూసోస్‌కి చేశాను. లోయలోకి అడుగుపెడితే ఫోను పలకదు, ఏం చెప్పినా ఇక్కడే చెప్పాలి.

"నేను రాలేనురా. ఒక మనిషిని లోయలో వదిలేశాను."

వాడు ఏదో అనేలోపే చెప్పుకుపోయాను.

"పాప గౌనూ సిలువా కొవ్వొత్తీ నా మంచం మీద మూట కట్టి ఉన్నాయి. తీసుకెళ్లి ఇవ్వు. ఇలా జరిగింది, తప్పు మా అక్కదే అని చెప్పు."

"నేనా? వాళ్ల ముందుకి నేనా? అక్కా, పొలిక్రోనిస్ అన్నలు చర్చి గుమ్మంలోనే పాతిపెడతారు నన్ను."

"ఫాదర్‌ని పంపుదామంటే ఆయన ఫోను చర్చిలో పూజ ఉన్న రోజు మోగదు. నువ్వు వెళ్లకపోతే మనం ఎగ్గొట్టామనుకుంటారు. అదింకా ఘోరం."

"చంపితే?"

"వెళ్లరా నాయనా" అన్నాను. ఫోను పెట్టేశాను. ఇక్కడొకణ్ణి బతికించడానికి అక్కడొకణ్ణి చావుకి తోలుతున్నానేమో అనిపించింది.

అనాగ్నోస్తిస్ దగ్గరికెళ్లి ఉన్నదున్నట్టు చెప్పాను. గ్లాసు కింద పెట్టి నా ముఖంలోకి చూశాడు.

"పద్నాలుగన్నావు."

"అన్నాను."

"నీ లైసెన్సు పోతుంది ఆర్గిరో. నేనే రాయాలి."

"రాసుకో. ముందు గేటు తియ్యి."

హెల్మెట్లు పెట్టుకుని ఇద్దరం లోపలికి వెళ్లాం. ఎక్కడో పైన టకటకమని మొదలై పక్కనే వచ్చి పగులుతున్నాయి రాళ్లు. అతను దారిపొడుగునా తిడుతూనే ఉన్నాడు. ఆ తిట్లు నాకు కాస్త ఆసరాగా ఉన్నాయి. అవి ఆగితే చర్చి గుమ్మం కళ్ల ముందుకొస్తోంది.

ఇరుకు దగ్గర, గోడ లోపలికి తొలిచినట్టున్న చోట, ముసలాయన ముడుచుకుని కూర్చుని ఉన్నాడు. చీలమండ బూరెలా వాచింది. నుదుటి మీద రక్తం గీతలా ఎండింది.

"వస్తారని తెలుసు," అన్నాడు. "నా టికెట్టు మీ దగ్గరే ఉందిగా."

ఆ మాటకి తల ఎత్తలేకపోయాను. ఆ టికెట్టు ఏం చేశానో చెప్పాను. వినేసి వాచిన చీలమండ వైపు చూసుకున్నాడు.

"నేను కాళ్లు తడుపుకోకుండా ఉండాల్సింది" అన్నాడు.

గాలి తగ్గేదాకా కదలడానికి లేదన్నాడు అనాగ్నోస్తిస్. ముగ్గురం గోడకి వీపులానించి కూర్చున్నాం. నాలుగున్నరయింది. అయిదయింది. నేను లేచి నాలుగడుగులు వేయడం, రాయి పడగానే వెనక్కి రావడం.

"ఎవరున్నారమ్మా బయట మీ కోసం?" అని అడిగాడు ముసలాయన.

అన్నీ చెప్పాను. తుపాకీ, జైలు, పాప, మూట, అన్నీ.

"నా ఒక్క కాలి కోసం మీ తమ్ముణ్ణి పంపేశారా?"

"మీ కోసం కాదు. నేనాడిన అబద్ధం కోసం."

ఆరు దాటింది. ఆ నిమిషానికి చర్చిలో ఏం జరుగుతోందో తెలియదు. గోళ్లు కొరుక్కోవడం నాకు అలవాటు లేదు, ఆ రోజు రక్తం వచ్చేదాకా కొరికాను. ఆరున్నరకి గాలి పడిపోయింది. ముసలాయన్ని ఇద్దరం చెరో రెక్కా పట్టుకుని నడిపించాం. మూడు కిలోమీటర్లు రెండు గంటలు పట్టింది. ఆయన ఒక్కసారి కూడా నొప్పి అనలేదు, నీళ్లు బాగున్నాయని కూడా అనలేదు.

గేటు దాటి రేవు దీపాలు కనిపించగానే జేబులో ఫోను గుర్రుమంది. మనూసోస్ పదకొండుసార్లు చేశాడు. చేసింది వాడేనా, వాడి ఫోను తీసుకున్న ఇంకెవడైనానా? ఫోను అనాగ్నోస్తిస్ చేతికిచ్చాను, అతనే నొక్కిపెట్టాడు.

"అక్కా." వాడే. వెనక ఫిడేళ్లూ కేకలూ. వాడు తాగి ఉన్నాడు. "ఆ ముసలాయన బతికున్నాడా?"

"ఉన్నాడు. నువ్వు?"

"గుమ్మంలో మూట పట్టుకుని నిలబడ్డాను. పెద్దన్న నా మీదికొచ్చాడు. పొలిక్రోనిస్ కర్ర అడ్డం పెట్టాడు. కుంటుకుంటూ నా ముందుకొచ్చి చాలాసేపు చూశాడు. నేను నువ్వు చెప్పమన్నది మొత్తం చెప్పాను. మీ అక్క పడవెక్కి వచ్చేయొచ్చుగా, ఎవరికి తెలిసేది అన్నాడు. రాలేదు మరి అన్నాను."

"ఆ తర్వాత?"

"పాపని నా చేతుల్లో పెట్టాడక్కా. ఫాదర్ వద్దన్నట్టు చూశాడు, ఇతను వినలేదు. విశ్వాస ప్రమాణం నన్నే చెప్పమన్నారు. సగంలో మర్చిపోయాను. పొలిక్రోనిస్ నా వెనక నిలబడి ఒక్కో మాటా చెవిలో అందించాడు. తడి పిల్ల అక్కా, చేపలా జారిపోతోంది, పడేస్తానేమోనని చచ్చాను."

నేను ఫోను చెవికి ఇంకా గట్టిగా అదుముకున్నాను.

"వింటున్నావా? నేను జ్ఞానతండ్రిని. ఇక నీతో పని లేదు వాళ్లకి" అని నవ్వాడు. ఎనిమిదేళ్ల తర్వాత వాడి నవ్వు విన్నాను.

రేవులో నేల మీద కూలబడి ఏడ్చాను. ముసలాయన నా భుజం మీద చెయ్యి వేసి, అందరూ బతికి బయటపడ్డారుగా, ఇంకెందుకమ్మా ఏడుపు అన్నాడు. సగం అందుకే ఏడుస్తున్నానని చెప్పాను. మిగతా సగం ఆ పిల్ల కోసం. ఆ గౌను అంచు నా చేతులతో కుట్టాను, నీళ్లలోంచి తీసిన పాపని నేనే అందుకోవాలి. అది నాది కాకుండా పోయింది.