గోడ మీది ఐరిస్

అనంతపద్మనాభం గుంటూరులో ఓ కాలేజీలో వృక్షశాస్త్రం లెక్చరరు. ఎనభై రెండులో పిల్లల్ని నైనిటాల్ ఎక్స్‌కర్షన్‌కు తీసుకెళ్ళినప్పుడు కొండవాలులో ఓ దుంప తవ్వి, తడిగుడ్డలో చుట్టి, బ్రాడీపేట దాకా మోసుకొచ్చాడు. ఐరిస్ కుటుంబంలోని అడవి మొక్క అది. పైన మాడినా దుంప చావదు, ఏటేటా మళ్ళీ లేస్తుంది. మూడేళ్ళు లేచింది కూడా, పూయడం తప్ప అన్నీ చేసింది. రోహిణీ కార్తెలో ఆయన ఐసుముక్కలు తెచ్చి కుండీ చుట్టూ పేర్చేవాడు. ఇంటికొచ్చిన చుట్టాలు మాత్రం గోరువెచ్చటి నీళ్ళే తాగేవారు.

ఉల్లిపాయలు ఎప్పుడు తవ్వుతారండీ అని స్టాఫ్‌రూములో రోజూ ఆటపట్టించేవారు. ప్రిన్సిపాల్ రాధాకృష్ణమూర్తి గారైతే తేల్చి చెప్పేశారు. పువ్వును కళ్ళారా చూస్తే మొక్కను కాలేజీ తోటలో నాటించి, తెచ్చినాయన పేరుతో బోర్డు పెట్టిస్తారట. లేదంటే ఆ ఊసు మళ్ళీ ఎత్తకూడదట. ఆ బోర్డు మీద తన పేరు తలుచుకుంటే అనంతపద్మనాభానికి అన్నం కూడా సయించేది కాదు.

శ్రావణమాసంలో మొక్క కరుణించింది. ఒకే ఒక్క మొగ్గ. శుక్రవారం విచ్చుకుంటుందని లెక్కగట్టి, పొద్దుటెండ తగలాలని కుండీని పెరట్లో సందువైపు గోడ మీద పెట్టాడు. ఈ పువ్వు పొద్దున విచ్చి సాయంత్రానికి ముడుచుకుపోతుంది కాబట్టి తొమ్మిదింటికల్లా దయచేయమని ప్రిన్సిపాల్‌ని బతిమాలుకున్నాడు.

శుక్రవారం తెల్లవారుజామునే బుట్ట పట్టుకుని బయటపడ్డాడు. ఇది ఆయన నిత్యకృత్యం. భార్య కనకలక్ష్మి పూజకు పూలు కావాలి, పూలేమో ఊళ్ళోవాళ్ళ గోడల మీద ఉంటాయి. పక్కింటి టైలరు నన్నే సాహెబ్ నందివర్ధనం చెట్టుతోనే సగం బుట్ట నిండేది. పొద్దున లేచి చూసుకోవడానికైనా నాలుగు ఉంచండని ఆయన భార్య జుబేదా ఓసారి అడిగింది. దేవుడికి కోస్తే దొంగతనం కాదమ్మా అని అనంతపద్మనాభం ఆమెకు ఓపిగ్గా బోధించాడు. ఆమె మళ్ళీ అడగలేదు.

నిండు బుట్టతో తిరిగొచ్చి, బుట్టను అరుగు మీద పెట్టి పెరట్లోకి పరిగెత్తాడు. ఆకులున్నాయి, కాడ ఉంది, మొగ్గ లేదు. ఎవరో శుభ్రంగా తుంచుకుపోయారు. మూడేళ్ళ ఐసు కళ్ళముందే కరిగిపోయినట్టయి, కోసినవాడి చెయ్యి పడిపోవాలని శపించాడు. ఎవరో పూజకే కోసుకుని ఉంటారు, మనకూ పుణ్యమే కదా అని కనకలక్ష్మి సర్దిచెప్పబోయింది.

"పూజకైతే? ఇంటివాణ్ణి అడగక్కర్లేదా?" అని అరిచాడు.

పక్కింటి గోడ అవతల నన్నే సాహెబ్ కుట్టుమిషను ఠక్కున ఆగింది.

తొమ్మిదింటికి ప్రిన్సిపాల్ గారు వచ్చారు. స్నానం, పూజ ముగించుకుని, కుంకుమబొట్టుతో, చెవి మీద ప్రసాదం పువ్వుతో కళకళలాడుతున్నారు. ఆ పువ్వుకు ఆరు రేకులు. పసుపురంగు మీద కుంకుమ చిలకరించినట్టు మచ్చలు.

అనంతపద్మనాభం మూడేళ్ళుగా పుస్తకాల్లో బొమ్మ చూసుకుంటున్న పువ్వే అది. ఆయన్ని పెరట్లోకి తీసుకెళ్ళి తెగిన కాడ చూపించాడు. ప్రిన్సిపాల్ గారు కాడను చూశారు, గోడను చూశారు, గోడ అవతల సందును చూశారు. ఆయన చెయ్యి ఒకసారి చెవిదాకా వెళ్ళి, ఊరికే దిగింది.

"ఇదాండీ మీ ఐరిసు? ఊళ్ళో గోడల మీద బోలెడు పూస్తోందిగా. దీనికి బోర్డెందుకండీ?"

అనంతపద్మనాభం ఒళ్ళు మండిపోయింది. ఇవాళ ఉద్యోగం ఉన్నా సరే, ఊడినా సరే అనుకుని, ఆయన వెంటే అరుగు దాకా వచ్చి నోరు తెరిచాడు. అప్పటికే ప్రిన్సిపాల్ గారు వంగి బుట్టలోకి చూస్తున్నారు.

"నందివర్ధనాలు బలే ఉన్నాయండీ. చెట్టెక్కడుంది?"

ఆ ఇంట్లో నందివర్ధనం చెట్టు లేదు. గోడ అవతల మిషను ఇంకా మొదలుకాలేదు. అనంతపద్మనాభం తెరిచిన నోట్లోంచి ఒక్క మాటే వచ్చింది.

"దేవుడికండీ."

"నాదీ అంతే లెండి," అని చెప్పులేసుకుని, చెవి మీది పువ్వు జారకుండా సర్దుకుంటూ ప్రిన్సిపాల్ గారు మెట్లు దిగారు.

గోడ అవతల కుట్టుమిషను మళ్ళీ మొదలైంది.