అమావాస్య మ్యాట్నీ

హన్మకొండలో సాయితేజ వాళ్ల స్టీలు సామాన్ల దుకాణం నెలకు ఒక్కరోజే మూస్తారు. అది అమావాస్య. ఆదివారాలు, పండగలు ఏవీ ఆ షట్టర్‌ను దించలేవు. అందుకే మా ప్రేమ మొత్తం అమావాస్యల మీదే నడిచింది. లోకంలో అందరూ వెన్నెల్లో ప్రేమించుకుంటారట. మేం మాత్రం నెలకోసారి, మ్యాట్నీలో, ఏసీ చలికి ముడుచుకుని కూర్చుని ప్రేమించుకున్నాం. పదకొండు అమావాస్యలు, పదకొండు హిందీ సినిమాలు. నేను చెప్పబోయేది ఆ పదకొండోదాని సంగతి.

హైదరాబాద్ పోయి పెద్ద తెర మీద చూద్దామంటే అతను వచ్చేవాడు కాదు. వాళ్లమ్మ అనసూయత్తకు అమావాస్య ప్రయాణమంటే హడల్. ఆ రోజు కొడుకు ఊరి పొలిమేర దాటకూడదు. హన్మకొండ నుంచి కాజీపేట దాకా వస్తే ఏమీ అనదు, అది ఒకే ఊరు కింద లెక్క. ఇరవై ఏడేళ్లవాడు, అమ్మ గీసిన ఆ గీత ఒక్కసారీ దాటలేదు.

హిందీ సినిమాలే ఎందుకని మొదట్లోనే అడిగాడు. నాకు ఇష్టమన్నాను. అది పూర్తి అబద్ధం కాదు, అలాగని నిజమూ కాదు. ప్రేమ సినిమాలంటే నేను పడి చస్తానని, ఆ ఇష్టమంతా తన వల్లేనని అతను నమ్మాడు. నేను నమ్మనిచ్చాను. నా తప్పు అక్కడే మొదలైంది, దాచుకోను.

మా బాపు సాంబయ్య కాజీపేటలో గ్యాంగ్‌మన్. ముప్పై ఏళ్లు పట్టాల వెంట నడిచాడు. నాకు వాటి వెంట నడవాలని లేదు, వాటి మీద రైలు నడపాలని ఉండేది. డిప్లొమా అయ్యాక పుస్తకాలకు అతుక్కుపోయి అసిస్టెంట్ లోకో పైలట్ పరీక్ష రాశాను. దానికి దేశం మొత్తంలో ఏదో ఒక్క రైల్వే రిక్రూట్‌మెంట్ బోర్డుకే దరఖాస్తు పెట్టాలి. సికింద్రాబాద్‌కు పెడితే ఇంటి పక్కనే ఉద్యోగం, కానీ ఆ ఏడాది అక్కడ పోస్టులు తక్కువన్నారు. ముంబైకి పెట్టాను. వచ్చినప్పుడు చూద్దాంలే అని ఎవరికీ చెప్పలేదు. తీరా వచ్చింది.

రైల్వేలో ఉద్యోగం వచ్చిందంటే కాజీపేటలో రెండో ప్రశ్న ఎవరూ వేయరు. మా వాళ్లకు రైల్వే అంటే కాజీపేటే. భూగోళం ఇంజన్ల షెడ్డు దగ్గర మొదలై జంక్షన్ బ్రిడ్జి దగ్గర ముగుస్తుంది. పక్కింటి చిలుకమ్మ అయితే నేను రోజూ మధ్యాహ్నం ఇంటికొచ్చి అన్నం తినిపోవచ్చని కూడా తేల్చేసింది. సాయితేజ కూడా అదే అనుకున్నాడు. ఆర్డరు మాత్రం ముంబై వైపున్న భుసావల్ ట్రైనింగ్ స్కూలుకు వచ్చింది. ఆ తర్వాత డ్యూటీ కూడా అటువైపే. బాపు ఆ కాగితాన్ని రెండుసార్లు చదివి మడతపెట్టి నా చేతికిచ్చాడు.

"ఆ పిలగానికి చెప్పు బిడ్డా. ఎర్రజెండ ముందుగాల్ల సూపాలె. రైలు మీదికొచ్చినంక సూపితె ఏం ఫాయిద?"

పదిహేను రోజులు ఆ జెండా చంకలో పెట్టుకుని తిరిగాను. ఫోనులో టైపు చేయడం, చెరిపేయడం. అన్నం ముందు కూర్చోవడం, లేవడం. రిజర్వేషన్ చేయిస్తే వెళ్లడం ఖాయమైపోతుందన్న భయంతో అదీ చేయించలేదు. ఆఖరికి చూస్తే వెయిటింగ్ లిస్టు కొండవీటి చాంతాడంత ఉంది. ఇక జనరల్ బోగీయే గతి. రైలు రేపు పొద్దున్నే. చెప్పడానికి మిగిలింది ఈ ఒక్క మ్యాట్నీయే.

నేను వెళ్లేసరికి సాయితేజ హాల్లో కూర్చుని ఉన్నాడు. పక్క సీట్లో అతని నీలం గళ్ల కర్చీఫ్ పరిచి ఉంది. చదువుకునే రోజుల్లో నెక్కొండలో అమ్మమ్మ ఇంటి నుంచి రోజూ ప్యాసింజర్‌లో వచ్చేవాడు. రైలు ఆగకముందే కిటికీలోంచి కర్చీఫ్ విసిరి సీటు పట్టడంలో అతని తర్వాతే ఎవరైనా. ఆ చెయ్యి ఇప్పటికీ ఊరుకోదు. టికెట్ మీద సీటు నంబరు అచ్చేసి ఉన్నా నా సీట్లో కర్చీఫ్ వేయాల్సిందే.

నేను కూర్చోగానే అరచేతిలో ఒక తాళంచెవి పెట్టాడు.

"ఫాతిమానగర్ల రెండర్రల పోర్షన్. కిరాయికి మాట్లాడిన. షెడ్డుకు పదమూడు నిమిషాలు. నేనే నడిచి సూసిన. పొద్దుగాల డ్యూటీ పడ్డా నీకు ఫికర్ లేదు."

రెండిళ్లలోనూ పెళ్లికి ఒప్పుకుని నెలైంది. అయినా నన్ను ఉద్యోగం మానమని అతను ఒక్కనాడూ అనలేదు. నా డ్యూటీ కోసం అడుగులేసి నిమిషాలు లెక్కపెట్టి వచ్చాడు. అలాంటివాడి మీద కోపం తెచ్చుకోవడానికి కూడా వీల్లేదు. తాళంచెవి గుప్పిట్లో బిగించాను. చెబుదామని నోరు తెరిచాను. లైట్లు ఆరిపోయాయి.

సినిమాలో హీరోయిన్ లక్నో పిల్ల. కేకులు చేస్తుంది, పెద్ద హోటల్లో షెఫ్ కావాలని కల. హీరో పెళ్లిళ్లలో బ్యాండు వాయిస్తాడు. వాళ్లు పోట్లాడుకుంటుంటే హాలంతా నవ్వుతోంది. నేను ఎప్పటిలాగే పెదాలు కదుపుతూ డైలాగులు లోపల్లోపల వల్లిస్తున్నాను. కాలు మాత్రం ఆడుతూనే ఉంది. ముందు సీటాయన రెండుసార్లు వెనక్కి తిరిగి చూశాడు.

ఇంటర్వెల్‌లో సాయితేజ పాప్‌కార్న్ తెచ్చాడు. చేతులు తుడుచుకోవడానికి నా బ్యాగులో కాగితం కోసం వెతుకుతూ చిన్న నోటుబుక్కు బయటికి తీశాడు. అందులో పదకొండు నెలల హిందీ ఉంది. సినిమాల్లో విన్న మాటలు, పక్కన తెలుగులో అర్థాలు. ఆర్డరు వచ్చిన రోజు మొదటి పేజీ మీద నేనే పెద్దక్షరాలతో రాసుకున్నాను, భుసావల్ పోయేలోపల నేర్చుకోవాలి అని.

"భుసావల్ ఏందే?" అన్నాడు.

ఇక దాచేదేముంది. బోర్డు సంగతి, ఆర్డరు సంగతి, అక్కడి నుంచి బదిలీకి ఎన్నేళ్లు పడుతుందో తెలియదన్న సంగతి, అన్నీ చెప్పాను. రేపు పొద్దున్నే బయల్దేరుతున్నానని అన్నిటికన్నా చివర చెప్పాను. అతను నోటుబుక్కులో ఒక్కో పేజీ తిప్పుతూ విన్నాడు. ప్రతి పేజీ పైనా సినిమా పేరు, తేదీ ఉన్నాయి.

"అంటే పదకొండు సిన్మలు నువ్వు చదువుకున్నవు," అన్నాడు. "నేనొక్కన్నే సూసిన."

నాకు నవ్వొచ్చింది, భయంతో వచ్చే నవ్వు. అతను నవ్వలేదు. ఇష్టం లేక నీ పక్కన కూర్చోలేదని చెప్పాను. తల ఊపాడు కానీ నమ్మినట్టు కనిపించలేదు.

"నేను వద్దంటననుకున్నవా స్నేహా?"

"వద్దనవు. అదే నా భయం. నువ్వు మంచిగుంటవు తేజా. పొమ్మంటవు, కండ్లల్ల నీళ్లు పెట్టుకుంటవు. నువ్వట్ల మంచిగుంటే నేనే పోలేను."

ఇంటర్వెల్ అయిపోయింది. నోటుబుక్కు నా ఒళ్లో పెట్టి తెరవైపు తిరిగాడు. ఆ తర్వాత గంటసేపు మా మధ్య పాప్‌కార్న్ అలాగే ఉండిపోయింది. తినలేదు, పారేయనూ లేదు.

ఆఖర్లో హీరోయిన్‌కు దుబాయ్ హోటల్లో ఉద్యోగం వచ్చింది. విమానానికి ఢిల్లీ వెళ్లాలని రైలెక్కింది. హీరో బ్యాండు డ్రెస్సులోనే ప్లాట్‌ఫాం మీద పరుగు. అసలు అక్కడ సిగ్నల్ ఎర్రగా ఉండగానే రైలు కదిలింది, ఆ డ్రైవర్ని సస్పెండ్ చేయాలి. హాల్లో ఎవరికీ అది పట్టలేదు. హీరోయిన్ ఉద్యోగం కాగితం చింపి గాల్లోకి ఎగరేసి తలుపు దగ్గరికి వచ్చింది. ఈలలు. ఆమె మెట్టు మీద కాలు పెట్టింది.

"దిగకు," అని అరిచాను.

నేనే అరిచానని నాకు కాసేపటికి తెలిసింది. ఈలలు ఆగిపోయాయి, ఎవరో పకపకా నవ్వారు. హీరోయిన్ దిగనే దిగింది. నాకు ఏడుపు తన్నుకొచ్చింది, ఆ పిల్ల మీద జాలితోనో, నా మీద అసహ్యంతోనో. సాయితేజ కర్చీఫ్‌తో మొహం తుడుచుకున్నాడు.

తన స్కూటీ మీద నన్ను కాజీపేట దాకా దిగబెట్టాడు. మా వీధి మొదట్లో తాళంచెవి తిరిగిచ్చేశాను. జేబులో వేసుకున్నాడు.

"ఏ బండి?"

"పొద్దుగాల ఏడున్నరకు. నాగపూర్ల మారాలె."

"బెర్తు?"

"లేదు. జనరలే."

వెళ్లిపోయాడు. ఆ తర్వాత ఫోను లేదు, మెసేజీ లేదు. నేనూ చేయలేదు. చేసి ఏం చెప్పాలి?

పొద్దున ప్లాట్‌ఫాం మీద మా అమ్మ సమ్మమ్మ పాడ్యమి నాడు ప్రయాణమేంటని సణుగుతూనే ఉంది. బాపు బ్యాగు పట్టుకుని పట్టాల వైపు చూస్తున్నాడు. నేను మాటిమాటికీ బ్రిడ్జి మెట్లవైపు చూశాను. అతను రావాలని ఉంది. వచ్చి ఆపుతాడేమోనని భయంగానూ ఉంది. ఆ సినిమా హీరోలా పరుగెత్తుకొస్తే ముఖం మీదే తిట్టాలని మాటలు సిద్ధం చేసుకున్నాను. తిట్టగలనని మాత్రం నమ్మకం లేదు.

రైలొచ్చింది. జనరల్ బోగీ తలుపుల్లో జనం వేలాడుతున్నారు. అప్పుడు కనిపించాడు సాయితేజ. ఒక చెప్పు ఎక్కడో ఊడిపోయినట్టుంది, రైలు పక్కనే పరుగెత్తుతున్నాడు. తిట్లన్నీ మరిచిపోయాను. కానీ అతను నావైపు రావడం లేదు. కిటికీలే చూస్తున్నాడు. ఒక కిటికీ దగ్గర ఎవరో లేవడం చూసి చెయ్యెత్తి విసిరాడు. నీలం గళ్ల కర్చీఫ్ లోపల పడింది.

బాపు వెనక నుంచి తోస్తుంటే నేను లోపలికి చేరేసరికి కిటికీ పక్క సీటు ఖాళీగానే ఉంది. ఒక భారీ మనిషి దాని పక్కనే నిలబడి కర్చీఫ్‌ను చూస్తున్నాడు గానీ కూర్చోలేదు. రాజ్యాంగం తర్వాత మనవాళ్లు అంత మర్యాద ఇచ్చేది కర్చీఫ్‌కే. కూర్చున్నాను. సాయితేజ చువ్వలు పట్టుకుని రొప్పుతున్నాడు.

"పోర్షన్ వద్దని చెప్పిన. తాళం ఇచ్చేసిన," అన్నాడు.

ఆ మాట ఎక్కడ తగలాలో అక్కడే తగిలింది. తల వంచుకున్నాను.

"వచ్చే అమావాస్యకు దుకాణం బంద్. నేను భుసావల్ బండెక్కుత."

"అమావాస్యనాడా? మీ అమ్మ పొలిమేర దాటనియ్యదు."

"నిన్ననే చెప్పిన. గప్పటి సంది నాతోని మాట్లాడ్తలేదు." ఆగి ఊపిరి తీసుకున్నాడు. "ఈసారి నోటుబుక్కు తేకు. సిన్మ సూద్దాం."

నవ్వూ ఏడుపూ కలిసి వచ్చాయి. రైలు కదిలింది. అతను వెంట పరుగెత్తలేదు, ఒక చెప్పుతో అక్కడే నిలబడ్డాడు. కర్చీఫ్ గుర్తొచ్చి కిటికీలోంచి చాపాను.

"ఉండనీ," అని అరిచాడు. "నాగపూర్ల మారాలె గదా."

నాగపూర్‌లో రెండో రైలు నిండుగా వచ్చింది. బ్యాగు భుజానికి తగిలించుకుని దాని పక్కనే పరుగెత్తాను. మొదటిసారి విసిరితే కర్చీఫ్ కిటికీ చువ్వకు తగిలి నా కాళ్ల దగ్గర పడింది. తీసుకుని, తర్వాతి కిటికీకి మళ్లీ విసిరాను.

సీటు దొరికింది.