బెబ్ గారి తప్పులు

మా అమ్మ ఎనిడ్ ప్రోబర్ట్‌కి ముక్కు మీదే కోపం. ఆ కోపమంతా తప్పు ఇంగ్లీషు మీద. మా ష్రాప్‌షైర్ జిల్లా వారపత్రికలో పాఠకుల భాషా సందేహాలకు జవాబులు రాసేది. షల్ ఎక్కడ, విల్ ఎక్కడ? లెస్ అనాలా, ఫ్యూయర్ అనాలా? వాక్యాన్ని అండ్‌తో మొదలుపెడితే పాపమా? జనం పత్రికకు రాసి ఊరుకునేవాళ్లు కాదు. చర్చి మెట్ల మీద ఆపి అడిగేవాళ్లు. పళ్ల డాక్టరైతే అమ్మ నోట్లో పనిముట్లు పెట్టి మరీ అడిగాడు. అమ్మ విసుక్కుంటూనే చెప్పేది. ఎవరూ అడక్కపోతే మాత్రం బెంగపెట్టుకునేది.

అందరికంటే ఎక్కువగా అమ్మ ప్రాణం తీసింది కూరగాయల కొట్టు లాయిడ్ బెబ్ గారు. కొట్టు ముందు నల్లపలక మీద క్యారెట్స్, లీక్స్, ప్లమ్స్ అని సుద్దతో రాసి, ప్రతి మాట చివరి ఎస్ ముందూ, ఫలానావారి సొత్తు అని చెప్పే అపాస్ట్రఫీ గుర్తు ఒకటి అక్కర్లేకుండా తగిలించేవారు. మా దేశంలో ఈ తప్పు ఎంత మామూలంటే దానికి కూరగాయల కొట్టువాడి అపాస్ట్రఫీ అని పేరే పడింది. శనివారం పొద్దున్నే అమ్మ బుట్ట పట్టుకుని బయలుదేరేది. క్యాబేజీ వంక మాత్రమే, వెళ్లేది పోట్లాటకి.

"బెబ్ గారూ, ఈ క్యారెట్లు దేనికి ఆసామీలండీ? వాటి పేర ఏం ఆస్తి రాసిచ్చారు?"

"అయ్యో, మళ్లీ పడిందా పంతులమ్మగారూ! పాడు చెయ్యి, అలవాటైపోయింది."

అక్కడికక్కడే తుడిచేసేవారు. పై శనివారానికి మళ్లీ అదే. "కుక్క తోక వంకర" అని గొణుక్కుంటూ అమ్మ ఇంటికొచ్చి, ఆ రోజంతా ఎంతో హుషారుగా ఉండేది. నాన్న పోయాక అమ్మని అలా చూసింది శనివారాల్లోనే.

ఫిబ్రవరిలో అమ్మకి పక్షవాతం వచ్చింది. కాలూ చెయ్యీ కొంత తేరుకున్నాయి గానీ మాట పోయింది. మాట రప్పించడానికి ఆసుపత్రి నుంచి స్పీచ్ థెరపిస్టు ఒకావిడ వచ్చేది. "మీ అమ్మగారికి అన్నీ అర్థమవుతున్నాయి. మాటలు లోపలే ఉన్నాయి. తప్పో ఒప్పో అంటూనే ఉండాలి. అనడం మానేశారా, ఇక రావు" అని చెప్పింది.

అమ్మ సరిగ్గా అదే చేసింది, అనడం మానేసింది. మొదట్లో ఒకరోజు కిటికీ వైపు చెయ్యి చూపించి, వాన అనబోయి "గిన్నె" అంది. ఆ మాట తన చెవిన పడగానే ముఖం కందిపోయింది. అంతే, మళ్లీ నోరు విప్పలేదు. బతుకంతా ఊరి తప్పులు దిద్దిన మనిషి తన తప్పొక్కటి భరించలేకపోయింది. నాకు జాలితో పాటు ఒళ్లుమంట కూడా వచ్చేది. ఎవరి మీద చూపించను?

ఏప్రిల్‌లో ఒక సాయంత్రం బెబ్ గారు కొట్టు కట్టేసి, పలక చంకన పెట్టుకుని మా గుమ్మంలో నిలబడ్డారు. పలక నిండా అపాస్ట్రఫీలే. ఎస్ లేని మాటలని కూడా వదల్లేదు.

"వెక్కిరించడానికొచ్చారా?" అన్నాను.

"ఒట్టు, కాదమ్మా. కోపమొస్తే ఆవిడ నోరు ఆగదు కదా. ఆ కోపం కాస్త తెప్పిద్దామని."

పలకని అమ్మకి ఎదురుగా కుర్చీలో నిలబెట్టారు. అమ్మ కళ్లు ఒక్కో వరసా చదివాయి. బాగున్న చేతి వేళ్లు కదిలాయి. అమ్మ తల తిప్పుకుని కిటికీలోంచి బయటికి చూసింది.

ఆయన వదల్లేదు. వీలైన సాయంత్రమల్లా వచ్చేవారు, వచ్చినప్పుడల్లా తప్పులు ముదిరేవి. ఆనియన్‌లో ఎన్‌లు ఎక్కువయ్యాయి. బంగాళాదుంపని కన్నతల్లి కూడా పోల్చుకోలేనట్టు రాశారు. నవ్వాపుకోలేక నేను వంటింట్లోకి పోయేదాన్ని. అమ్మ పెదాలు ఒక్కోసారి కదలబోయేవి. వెంటనే గట్టిగా బిగించేసేది.

మే నెలలో థెరపిస్టు ఇక రావడం తగ్గిస్తానంది. "ఆవిడ ప్రయత్నించకపోతే నేనేం చెయ్యను చెప్పండి?" అంది. ఆమె మాటలో అబద్ధమేమీ లేదు. ఆ సాయంత్రం బెబ్ గారికి సంగతి చెప్పాను. ఆయన పలకని గోడకి ఆనించి, అమ్మ పక్కన కూలబడ్డారు.

"నావల్ల కాదు పంతులమ్మగారూ. తప్పులన్నీ అయిపోయాయి. కొత్తవి తోచట్లేదు." కాసేపు టోపీ నలిపారు. "ఒక్కమాట చెప్తాను, తిట్టుకోండి. ఆ దిక్కుమాలిన అపాస్ట్రఫీ ఎక్కడ పెట్టాలో మీరు మొదటిసారి చెప్పినప్పుడే నాకు వచ్చేసింది. సరిగ్గా రాస్తే మీరు లోపలికి రారు కదా. అందుకని శుక్రవారం కొట్టు కట్టేముందు కావాలనే పెట్టేవాణ్ణి."

టీ పట్టుకొచ్చిన నేను గుమ్మంలోనే ఆగిపోయాను. వాన గురించి, క్యాబేజీ ధర గురించి మాట్లాడడమే తప్ప ఈ మనిషి తన మనసులో మాట చెప్పడం నేనెన్నడూ వినలేదు. ఆయన చెవులు ఎర్రగా అయిపోయాయి.

అమ్మ ఆయన వైపు తిరిగింది. నోరు తెరిచింది.

"గొడుగు" అంది.

మళ్లీ ముఖం కందిపోయింది. ఇప్పుడు గాని నోరు మూసుకుందంటే ఇక జన్మలో తెరవదు. ఆ మాటేమిటో నేనే అందిద్దామని ముందుకు అడుగేశాను. బెబ్ గారు నా వైపు చూడకుండానే, వద్దని చెయ్యెత్తారు.

"తొందరేం లేదండీ. నేనెక్కడికీ పోను" అన్నారు అమ్మతో.

అమ్మ కళ్లు మూసుకుంది. "గొ..." అని ఆగింది. తల అడ్డంగా ఊపింది. మళ్లీ మొదలుపెట్టింది, మళ్లీ తప్పింది, అయినా మానలేదు. ఆయన కదలకుండా కూర్చున్నారు.

"తెలుసు" అంది అమ్మ.

"ఏం తెలుసండీ?"

"మీరు... కావాలని. ఎప్పుడూ... తెలుసు."

ఆ ఇంట్లో ఏమీ తెలియనిదాన్ని నేనొక్కదాన్నే. టీ అక్కడే పెట్టేసి, తలుపు దగ్గరగా వేసి, వంటింట్లోకి వెళ్లి కరువుతీరా ఏడ్చాను.