ఎలుతెరియా విప్పిన పోగులు

మా సాన్ లాసరో కొండవీధుల్లో ఎలుతెరియా నేతకు వంక పెట్టినవాళ్లు లేరు. ఆమెకు చేతివేగం ఎంత ఉందో, మాటవేగం అంత తక్కువ. ఎవరైనా ఒక మాట అంటే దానికి సరైన జవాబు రెండు గంటల తర్వాత, ఒంటరిగా గిన్నెలు తోముతున్నప్పుడు తట్టేది. పదిహేనేళ్లుగా ఈ సంగతి బాగా వాడుకున్నది ఆమె ఆడపడుచు బాసిలియా. ప్రతి ఆదివారం భోజనానికి వచ్చేది, కడుపునిండా తినేది, చురుక్కుమనేలా ఒక మాట వదిలి వెళ్లిపోయేది.

ఎలుతెరియా పిన్ని తొమాసా పోతూ పోతూ తన మగ్గాన్ని ఆమెకిచ్చింది. ఆరు కర్రలు, ఒక తోలు పట్టీ, అంతే. ఒక కొసను పెరట్లో గుంజకు కట్టి, పట్టీని నడుముకు తగిలించుకుని నేలమీద కూర్చుని నేయాలి. పిన్ని సగం నేసి వదిలేసిన ఎర్రగుడ్డ దానిమీద అలాగే ఉంది. చివరి వరస కాస్త వంకరగా ఉందని ఎలుతెరియా దాన్ని విప్పింది.

పావుగంట కిందట పొలానికి వెళ్లిన మొగుడు మకారియో గుమ్మంలో ప్రత్యక్షమయ్యాడు.

"నా టోపీ ఏదే?"

"ఇందాకే ఇచ్చాను కదా! పెట్టుకునే వెళ్లావు."

"ఎక్కడికెళ్లాను? పొద్దున్నే కలలేంటి నీకు?"

పొయ్యి మీద మెత్తబడిన చిక్కుడు గింజలు మళ్లీ గులకరాళ్లలా ఉన్నాయి. ఎలుతెరియా తెలివితక్కువది కాదు. సాయంత్రానికల్లా లెక్క తేల్చుకుంది. ఒక వరస విప్పితే పావుగంట వెనక్కి, ఒక వరస నేస్తే పావుగంట ముందుకు. ఆ రాత్రి మకారియో రోజూ చెప్పే తన కంచరగాడిద కథ ఎత్తుకోగానే ఆమె ఒక వరస నేసింది. కథ అయిపోయింది. పెళ్లయ్యాక ఆమె అంత సుఖపడింది అప్పుడే.

ఆదివారం మకారియో పేరున్న పునీతుడి పండుగ; అతని పేరిట ఇంట్లో విందు, ఇంటినిండా చుట్టాలు. టర్కీ కోడిని కోసి, గుమ్మడి గింజలు వేయించి నూరి, చిక్కటి పులుసు పెట్టింది. బాసిలియా ఒక ముక్క నోట్లో వేసుకుని చాలాసేపు నమిలింది.

"వదినా, ఈ కోడి నిజంగా చచ్చిందా? ఇంకా గట్టిగా పోట్లాడుతోంది."

అందరూ నవ్వారు. ఎలుతెరియా కంచాలు తీసింది. గిన్నెలు తోముతుండగా జవాబు తట్టింది. అంతే, మగ్గం దగ్గరకు పరిగెత్తి ఇరవై వరసలు విప్పేసింది.

మళ్లీ పొద్దున్న. గుంజ దగ్గర కోడి బతికే ఉంది. మళ్లీ కోసింది, మళ్లీ గింజలు నూరింది, మళ్లీ కంచరగాడిద కథ విన్నది. బాసిలియా అదే మాట అంది.

"పళ్లు లేనివాళ్లకు పులుసు చాలు బాసిలియా, ముక్కలెందుకు?" అంది ఎలుతెరియా గర్వంగా.

"పళ్లకేం వదినా, ఇనుములా ఉన్నాయి. నీ కత్తి సంగతి చూసుకో, దీన్ని కోశాక పనికొస్తుందో లేదో!"

ఈసారి జనం ఇంకా గట్టిగా నవ్వారు. ఎలుతెరియా మళ్లీ ఇరవై వరసలు విప్పింది. అలా నాలుగుసార్లు. ఆమె ఎంత పదునైన మాట తెచ్చినా బాసిలియా దగ్గర అంతకన్నా పదునైనది సిద్ధంగా ఉండేది. పైగా కోడితో ఒక చిక్కు వచ్చిపడింది. రెండోసారి కత్తి చూడగానే గోలపెట్టింది. మూడోసారి ఎలుతెరియా వంటింట్లోంచి కాలు బయటపెట్టగానే గుంజ వెనక నక్కింది. ఐదోసారి కాలి తాడు తెంపుకుని వీధిలో పడింది. అప్పుడుగానీ ఆమెకు వెలగలేదు. ప్రతిసారీ మగ్గం కట్టిన గుంజకే దాన్నీ కట్టి ఉంచింది కదా. తనకు గుర్తున్నట్టే దానికీ అన్నీ గుర్తున్నాయి.

మధ్యాహ్నం దాకా వీధి వీధీ తరిమింది. మలుపులో పండుగ బట్టల్లో బాసిలియా ఎదురైంది.

"బాసిలియా! పట్టుకో దాన్ని!"

బాసిలియా ఏమీ అడగకుండా లంగా ఎగదోపి ఉరికింది. శాలువా విసిరింది. శాలువా ఎలుతెరియా మొహాన పడింది. ఇద్దరూ ఒకరిమీద ఒకరు బురదకాలవలో పడ్డారు. కోడి చర్చి కప్పెక్కి కూర్చుంది.

కాలవలోనే నవ్వీ నవ్వీ ఇద్దరికీ పొట్ట నొప్పెట్టింది.

"పదిహేనేళ్లలో నువ్వు నన్ను పేరుపెట్టి పిలవడం ఇదే మొదటిసారి వదినా," అంది బాసిలియా.

"అదేం మాట?"

"నిజమే. నేనేమన్నా కళ్లప్పగించి చూస్తావు. గోడకు రాయేసినా టక్కుమంటుంది, నువ్వు అదీ అనవు. ఈవిడగారికి నాతో మాట్లాడాలంటే నామోషీ కాబోలు అనుకున్నా. అందుకే ఇంకాస్త గుచ్చేదాన్ని."

ఎలుతెరియా అంత కష్టపడి అన్న మాటలన్నీ విప్పిన వరసలతోపాటే పోయాయి, ఒక్కటీ ఈమె చెవిన పడనేలేదు. ఇప్పుడు అందామంటే ఒక్కటీ గుర్తురాలేదు. నోటికి వచ్చిందేదో అనేసింది.

"నీ... నీ ముక్కు వంకర!"

బాసిలియా మొహమంతా వెలిగిపోయింది. "ఏంటీ? మళ్లీ అను!"

"వంకర! మీ అమ్మ ముక్కూ అంతే!"

"అమ్మో, ఈవిడకు నోరుందండోయ్!" అంటూ బురదచేతులతోనే వదినను వాటేసుకుంది.

ఆ పూట కోడిగుడ్లు, చిక్కుడు గింజలు తిన్నారు. "ఉప్పెక్కువైంది," అంది బాసిలియా. "అయితే తినకు," అంది ఎలుతెరియా, క్షణం ఆలస్యం లేకుండా. మకారియో చేతిలోని మొక్కజొన్న రొట్టె నోటిదాకా వెళ్లకుండా ఆగిపోయింది.

వాళ్లు వెళ్లాక గిన్నెలు తోముతుంటే ఉప్పు మీద ఇంతకన్నా మంచి జవాబు తట్టింది. అద్భుతమైన జవాబు. తడిచేతులతో మగ్గం దాకా వెళ్లింది. గుడ్డ మీద ఇంకా కొన్ని వరసలు మిగిలే ఉన్నాయి. విప్పితే ఆ కౌగిలింత తనొక్కదానికే గుర్తుంటుందేమోనని భయం వేసింది. వంటింటి కత్తి తెచ్చి పడుగు పోగులన్నీ తెగ్గోసింది. ఆ జవాబు పోయినందుకు మాత్రం కాస్త ఏడుపొచ్చింది.

కోడిని చర్చి గంట కొట్టే ముసలాయన పెంచుకున్నాడు. బాసిలియా ఆదివారం దాకా ఆగలేక బుధవారమే దెబ్బలాటకు వచ్చేసింది.