సందు వదిలిన పెట్టె

మద్రాసు చింతాద్రిపేటలో ఇస్త్రీబండి మునిరత్నం పొద్దున్నే బొగ్గులు రాజేసి, ఎదురింటి కిటికీకేసి ఒక కేక వేసేవాడు. "అన్నా, ఈపొద్దన్నా ఎక్కినాడా మనోడు?"

"యాడ? మళ్ళా జారినాడు," అనేవాడు లోపల్నుంచి జనార్దనం.

మనోడంటే జనార్దనం తీస్తున్న చిన్న బొమ్మల సినిమాలోని గీతమనిషి. తలకో సున్నా, ఒంటికో గీత, చుట్టూ ఒక పెట్టె. అంతే సినిమా. జనార్దనం కొత్త కాయితం మీద పెట్టె గీసిపెడితే చాలు, నిన్నటి కాయితంలోంచి వాడే దిగివచ్చి గోడ ఎక్కేవాడు. సగం దాకా పోయి జర్రున జారేవాడు. మళ్ళీ లేచేవాడు. జనార్దనం పనల్లా వాణ్ణి కెమెరాలో పట్టుకోవడమే. వీధిలో ఎవరికీ ఇది వింతగా తోచలేదు. పాపం, వాడి మోకాళ్ళు ఏమైపోతాయోనని మాత్రం అనుకునేవాళ్ళు.

జనార్దనానిదీ అదే కథ. కొన్నేళ్ళ కింద బస్సు గుద్దినప్పుడు విరిగిన కాలు అతుక్కుంది గానీ ధైర్యం అతుక్కోలేదు. రోజూ ఇస్త్రీ చొక్కా తొడుక్కుని గడప దాకా వచ్చేవాడు. అక్కడ కాళ్ళు మొరాయించేవి. వెనక్కొచ్చి చొక్కా విప్పి తగిలించేవాడు. ఈలోగా మద్రాసు పేరు చెన్నై కూడా అయిపోయింది. భార్య అలమేలు ఒక్కనాడూ దెప్పలేదు. అతను గడప దాకా వచ్చే వేళకు తలుపు బార్లా తీసి ఉంచేది, అంతే.

ఒకరోజు చెయ్యి పీకుతుంటే, "అలమేలూ, పెట్టె నువ్వు గీసెయ్. నాలుగు గీతలే గదా," అన్నాడు.

అలమేలు చేతికి వచ్చింది ముగ్గొక్కటే. ఆమె పుట్టింట్లో వాకిట ముగ్గుకు గడప వైపు వేలెడు సందు వదులుతారు, లక్ష్మి లోపలికి రావాలి గదా అని. పెట్టెకూ అలాగే వదిలేసింది.

గీతమనిషి గోడకేసి పోతూ ఆగాడు. సందులోంచి తల బయటపెట్టాడు. లోపలికి లాక్కున్నాడు. కాసేపు ఆలోచించి, బల్ల దిగి, ఎర్రసిమెంటు నేల మీదుగా గడప దాటేశాడు.

"ఒరే, సినిమా సగంలో ఉండాదిరా! ఆగరా!" జనార్దనం చొక్కా లేకుండానే వెంటపడ్డాడు.

వాడు వాకిట ముగ్గు నడుమ చతికిలబడి కూర్చున్నాడు. పట్టుకుందామని వంగిన జనార్దనానికి వీపు చుర్రుమంది. ఎండ. తలెత్తితే ఎదురుగా ఇస్త్రీపెట్టె పైకెత్తి పట్టుకుని మునిరత్నం.

"అన్నా! మద్రాసులో లోపలికి పోయినోడివి, చెన్నైలో బయటికొచ్చినావే!"

జనార్దనం తన కాళ్ళకేసి చూసుకున్నాడు. కళ్ళు నిండిపోయాయి. "పెట్టె మూయలేదేం అలమేలూ?"

"యాడన్నా మూస్తారా?" అంది అలమేలు గడపలోంచి. ఆమె చేతిలో అతని చొక్కా ఉంది. "వేసుకోండి. అట్లా వీధి చివరిదాకా పోయొద్దాం."

జనార్దనం ముందు ముగ్గుకు దణ్ణం పెట్టాడు, ఆ తర్వాత ఆమెకు. అప్పుడు చొక్కా తొడుక్కున్నాడు. సాయంత్రం అతను ఇంటికొచ్చేసరికి అది చెమటకు తడిసి, నలిగిపోయి ఉంది.