తొమ్మిది సెకన్ల గోడ

నేను ఒక సినిమా కెమెరాని. కరెంటు అక్కర్లేదు, కీ తిప్పితే చాలు. చలిదేశంలో గడియారాలు బిగించే చేతులే నన్నూ బిగించాయి. మొదట వార్తాచిత్రాలు తీసే శేషాచలం దగ్గర ఉన్నాను. నాయకులు రిబ్బన్లు కత్తిరించడం తీసీ తీసీ నా కన్ను కాయకాచిపోయింది. ఆయన రిటైరయ్యాక విశాఖపట్నంలో భానోజీ చేతికి వచ్చాను.

భానోజీ సినిమాల్లో మనుషులుండరు, కథ ఉండదు. నీటి మీద ఎండ, తలుపు కింద వెలుగు, అంతే. కాలం ఎలా కదులుతుందో చూపిస్తానంటాడు. చూసేవాళ్ళు మాత్రం మధ్యలోనే లేచిపోయేవారు.

ఆయన భార్య తాయారు ఊపిరితిత్తుల జబ్బుతో మంచం పట్టింది. ఆ మంచం పక్క గోడ మీద ఎండ పడేది. రోజూ ఉదయం ఏడుంపావుకి ఆ గోడని ఒకే ఒక్క బొమ్మ తీయాలని భానోజీ పంతం పట్టాడు. క్షణం అటూ ఇటూ కాకూడదని, నా మీట నొక్కేటప్పుడు కళ్ళు చేతి గడియారం మీదే పెట్టేవాడు. గోడని చూసింది నేనొక్కదాన్నే.

ఒకరోజు తాయారు ఆయాసపడుతూ అడిగింది. "ఎప్పుడూ ఆ గోడనే తీస్తన్నారు. నా మొకం ఓసారి తియ్యండి. రేపటికి ఉంటానో ఉండనో."

"నువ్వు కనబడితే అది కథైపోద్ది తాయారూ. ఇది అయ్యాక తీస్తాను" అన్నాడు.

అయింది. రెండువందల పద్నాలుగో రోజున ఆవిడ పోయింది.

సెకనుకి ఇరవైనాలుగు బొమ్మల చొప్పున, ఏడు నెలల చావు తెర మీద తొమ్మిది సెకన్లు నడిచింది. ఆయన మళ్ళీ వేశాడు, మళ్ళీ వేశాడు. ఎన్నోసారో, గోడ మీద ఏదో నీడ చటుక్కున తోచి మాయమైంది. అది తాయారు చెయ్యి. ఏ ఉదయమో, ఆయన గడియారం చూస్తుండగా, ఎండకి అడ్డంగా ఎత్తింది.

ప్రొజెక్టరు దీపం ముందు ఫిల్ము ఆపకూడదని ఆయనకి నేర్పాల్సిన పనిలేదు. అయినా ఆపేశాడు. నీడలో అయిదు వేళ్ళూ తేటగా కనిపించాయి. ఆయన లేచి తెర దగ్గరికి వెళ్ళి, వాటి మీద తన చెయ్యి ఆనించాడు. ఆ చేతి కిందే బొమ్మ గోధుమరంగు తిరిగి, బుడగలెత్తి కాలిపోయింది. కాపీ లేదు.

మర్నాడు కాలిన ముక్క కోసేసి, రెండు కొసలూ అతికించాడు. ఇప్పుడు సినిమా ఎక్కడా తడబడకుండా నడుస్తుంది. ఆ తొమ్మిది సెకన్లలో తాయారు చెయ్యి ఎక్కడ ఉండేదో కనిపెట్టాలని ఆయన రోజూ తెరకి ముఖం ఆనించినంత దగ్గరగా కూర్చుంటాడు. ఆ చోటు ఆయనకి కూడా దొరకడం లేదు.